మైకు వెనక గొంతు

మా చెల్లెలు ఊహ తెలిసినప్పటి నుంచి నన్ను ఒకటే మాట అడిగేది. "అన్నా, అమ్మ గొంతు ఎట్లుండెడిది?"

నేను ప్రతిసారీ ఏదో ఒకటి చెప్పేవాణ్ణి. ఒకసారి సన్నగా ఉండేదన్నాను. ఇంకోసారి కాస్త బొంగురు అన్నాను. మరోసారి విసుక్కుని, గొంతు గొంతులాగే ఉంటది, పోయి చదువుకో అన్నాను. ఆమె అన్నీ గుర్తుపెట్టుకునేది. "పోయినసారి సన్నగ అన్నవు, ఇప్పుడేమో బొంగురు అంటున్నవు. ఏదో ఒకటి చెప్పు" అని నిలదీసేది. అసలు సంగతేమిటంటే నాకు గుర్తు లేదు. అమ్మ పోయేనాటికి నేను రెండో తరగతి, చెల్లెలు ఇంకా గోడ పట్టుకుని నిలబడటం నేర్చుకుంటోంది. నాకు అమ్మ చేతులు గుర్తున్నాయి. కొంగుకు అంటిన కిరసనాయిలు వాసన గుర్తుంది. నన్ను కొట్టిన చీపురు కూడా గుర్తుంది. గొంతు మాత్రం పోయింది. ఎప్పుడు పోయిందో కూడా తెలియలేదు. ఒకరోజు వెతుక్కుంటే లేదు, అంతే.

ఇందులో సిగ్గుపడాల్సిన సంగతి ఒకటుంది. మాది మైకుసెట్ల ఇల్లు.

తాత దూది ఏకేవాడు. దూది ఏకే విల్లు భుజాన వేసుకుని కల్లూరు దాకా పోయి పరుపులు కుట్టి వచ్చేవాడట. ముస్లింలమే గానీ మా ఇంట్లో తరతరాలుగా మాట్లాడేది తెలుగే. పరుపుల కంపెనీలు వచ్చాక ఆ విల్లుకు పని లేకుండా పోయింది. నాయన దాన్ని అటక మీదికి ఎక్కించి, ఒక ఆంప్లిఫయరూ రెండు హారన్లూ కొని ములకలపల్లిలో మైకుసెట్టు పెట్టాడు. అడవి పల్లెల్లో పెళ్లయినా, జాతరయినా, పీర్ల పండుగయినా, ఎలక్షన్ మీటింగయినా నాయనే పోయేవాడు. ఊరి మధ్యలో సెట్లు మోగిస్తే తిట్లు తినాల్సి వస్తుందని ఇల్లు ఊరి చివర కట్టుకున్నాడు. ఒకపక్క సెట్లు పెట్టుకునే రేకుల షెడ్డు, ఇంకోపక్క ఫారెస్టు వాళ్ల టేకు ప్లాంటేషన్. మా ఇంటిపేరు ఊళ్లో ఎవరికీ తెలియదు. 'మైకోళ్లు' అంటే పిల్లవాడు కూడా దారి చూపిస్తాడు.

అమ్మకు మైకంటే సిగ్గు. నాయన ఆటపట్టించడానికి మైకు తీసుకొచ్చి నోటి ముందు పెడితే, కొంగు నోట్లో కుక్కుకుని లోపలికి పరిగెత్తేదట. "ఊరూరి గొంతులన్ని నా టేపుల్ల ఉన్నయ్. మీ అమ్మ గొంతు ఒక్కటే లేదు. ఎన్నడూ దొరకలే" అని నాయన చెప్పేవాడు. చెప్పి లేచి ఏదో పని కల్పించుకునేవాడు. నేను రెండో తరగతిలో ఉన్న వానాకాలం జ్వరమొచ్చి, వాగు దాటించి భద్రాచలం దవాఖానాకు చేర్చేలోపే అమ్మ పోయింది. నాయన మళ్లీ పెళ్లి చేసుకోలేదు. మా జేజి, అంటే నాయన తల్లి, నేను పుట్టకముందే పోయింది. కాబట్టి చెల్లెలికి జడలు వేసింది కూడా నాయనే. ఆ జడలు హారన్ కట్టిన తాడు ముడుల్లా ఉండేవి. సాయంత్రందాకా ఊడేవి కావు.

నా సంగతి చెప్పాలి. ఇప్పుడు ఆ సెట్టు నేను నడుపుతున్నాను. హారన్లు పోయి నల్లటి పెద్ద బాక్సులు వచ్చాయి. పెళ్లిళ్ల సీజను కానప్పుడు, అదే రేకుల షెడ్డులో లాప్‌టాప్ పెట్టుకుని నా సంగీతం చేసుకుంటాను. సంగీతం అనడానికి మా ఊళ్లో ఎవరూ ఒప్పుకోరు. పాత టేపుల్లోంచి చిన్న ముక్క తీసుకుంటాను. ఏ పెళ్లిలోనో సన్నాయి ఆగిన చోటు, జాతరలో తప్పిపోయిన పిల్ల కోసం చేసిన అనౌన్స్‌మెంట్, మధిర స్టేషన్లో రైలు కదిలిన చప్పుడు. దాన్ని లాగి లాగి, నిదానం చేసి, పైన కీచుమనే శబ్దాలు కత్తిరించి, చుట్టూ ప్రతిధ్వని నింపి, మళ్లీ మళ్లీ తిప్పుతాను. తాళం ఉండదు, పల్లవి ఉండదు. వింటే పక్క గదిలో ఎవరో పాత రేడియో పెట్టుకుని పడుకున్నట్టుంటుంది. ఇంటర్నెట్‌లో పెడితే ఎక్కడెక్కడి వాళ్లో వింటారు. మా అమ్మమ్మ ఇల్లు గుర్తొచ్చిందని రాస్తారు. వాళ్ల అమ్మమ్మ ఏ దేశమో నాకు తెలియదు. మా ఊరి మిత్రుడొకడు మాత్రం ఒక ముక్క మొత్తం ఓపిగ్గా విని, "మంచిగనే ఉంది గని, పాట ఎప్పుడు మొదలైతది?" అన్నాడు.

నాయనకైతే నా పని వెనక్కి నడిచినట్టే కనిపించేది. ఆయన జీవితమంతా సెట్ల గుర్రు మీదా, మైకు ఈల మీదా, టేపు సర్రుమనే చప్పుడు మీదా యుద్ధం చేశాడు. నేను శుభ్రమైన శబ్దానికి ఆ సర్రు కావాలని కలిపేవాణ్ణి.

"ఖరాబైనదాన్ని బాగుచేస్కుంట నేను ముసలోణ్ణైన. బాగున్నదాన్ని ఖరాబు చేసుడు గూడ ఒక పనేందిరా?" అనేవాడు.

"జనానికి గట్లుంటేనే ఇష్టం నాయనా."

"ఏ జనానికి? ఒక్కణ్ణి పట్కరా, సూస్త."

ఆయన అలవాటు ఒకటి చెప్పకపోతే ఈ కథ ముందుకు పోదు. కిరాయికి పోయివచ్చిన ప్రతి సెట్టునూ నాయన మర్నాడు పొద్దున వాకిట్లో పెట్టి పరీక్షించేవాడు. మైకు తగిలించి, టేపురికార్డర్లో క్యాసెట్ వేసి, రికార్డు మీట నొక్కేవాడు. "హలో." ఆగేవాడు. "హలో. మైక్ టెస్టింగ్." మళ్లీ ఆగేవాడు. "ఒకటి. రెండు. మూడు." మాటకూ మాటకూ మధ్య బీడీ దమ్ము లాగేంత సేపు ఆగేవాడు. ఆ ఆగడంలోనే ఆయన చెవి పని చేసేది, ఎక్కడ గుర్రుమంటోందో, ఎక్కడ గరగరలాడుతోందో పట్టుకునేది. మూడు అన్నాక టక్కున మీట ఎత్తేసి, వెనక్కి తిప్పి వినేవాడు. తర్వాతి పరీక్ష ఆ క్యాసెట్లోనే, వదిలేసిన చోటు నుంచి. అలా ఏళ్ల తరబడి చేసిన పరీక్షల టేపులన్నీ ఒక పెద్ద బిస్కెట్ల డబ్బాలో ఉండేవి. అవి ఎందుకు దాచాడని అడిగితే, "అమ్మితే కొనేటోడు లేడు, పారేద్దామంటే నా గొంతేనాయె" అని నవ్వాడు.

ఆయన ఉండగానే ఆ డబ్బాలోంచి ఒక క్యాసెట్ తీసి, ఒక్క "హలో"ను, దాని వెనకాల ఉన్న ఖాళీని కలిపి సాగదీసి ఒక ముక్క చేశాను. అదే నా మొదటి పని. నాయనకు వినిపించాను. చాలాసేపు విన్నాడు. "నా గొంతుకు జరమొచ్చిందా?" అన్నాడు చివరికి. ఆ ముక్క బయట బాగానే తిరిగింది. ఇప్పటికీ అన్నిటికన్నా ఎక్కువమంది వినేది దాన్నే.

నాయన పోయాక ఇంట్లో ఆయన గొంతు కోసం మేమిద్దరం ఎలా అల్లాడామో చెప్పలేను. ఫోన్లో ఉన్న చిన్న చిన్న వీడియోలు వినీ వినీ అరిగిపోయాయి. అప్పుడు చెల్లెలికి ఆ డబ్బా గుర్తొచ్చింది. ఆమె పెళ్లై ఖమ్మంలో ఉంటుంది. భర్త గ్రానైటు యార్డులో పని చేస్తాడు. ఆమె ఒక ఫొటో స్టూడియోలో పెళ్లి వీడియోల మిక్సింగ్ చేస్తుంది. మైకోళ్ల బిడ్డ కాబట్టి బొమ్మల పని కన్నా శబ్దం పని ఆమెకు బాగా వచ్చింది. తాళి కట్టే వేళ కుక్క మొరిగినా, వంటవాళ్లు గిన్నెలు పడేసినా, జీలకర్రా బెల్లం దగ్గర పంతులుగారు దగ్గినా ఆమె తీసేస్తుంది. కంప్యూటర్ తెర మీద శబ్దం రంగు రంగుల మరకల్లా కనిపిస్తుంది. అక్కర్లేని మరకను పట్టుకుని, అదొక్కటే విడిగా విని, ఇదే అని రూఢి చేసుకుని బ్రష్‌తో తుడిచేయాలి. ఓపిక కావాలి. ఆమె దగ్గర అది ఉంది. స్టూడియోలో ఆమెకు పేరే 'దగ్గు తీసే మేడమ్'.

"డబ్బ నాకియ్యి అన్నా. అన్ని టేపులు కంప్యూటర్ల ఎక్కిస్త" అని పట్టుకుపోయింది.

కొన్ని నెలల తర్వాత ఒక పెన్‌డ్రైవ్ ఇచ్చింది. షెడ్డులో పెద్ద బాక్సులకు తగిలించి వేశాను. నాయన వచ్చి నా ఎదురుగా కూర్చుని హలో అన్నాడు. సర్రు లేదు, గుర్రు లేదు, ఊరి చప్పుడు లేదు, కోడి కూత లేదు. ఆయన ఊపిరి, పెదవుల తడి, ఆ తర్వాత నిశ్శబ్దం. నిలబడి వింటున్నవాణ్ణి కింద కూర్చుండిపోయి ఏడ్చాను. చెల్లెలికి ఫోన్ చేసి, "ఏం చేసినవే, నాయనను మళ్ల తెచ్చినవు" అన్నాను. ఆమె కూడా అవతల ఏడ్చింది. "నాయనకు గుర్రుమంటె నచ్చకపోతుండె గదా. అందుకే అంత తీసేసిన" అంది. పెళ్లి వీడియోల అలవాటు ఏమిటంటే, పని పూర్తయ్యాక తుడవకముందటి కాపీ తీసేయాలి. లేకపోతే కంప్యూటర్లో జాగా చాలదు. ఆమె అలాగే తీసేసింది. అసలు క్యాసెట్లు డబ్బాలో భద్రంగానే ఉన్నాయి కదా.

ఆ డబ్బా ఆమె మంచం కింద ఉండేది. వాళ్లు కిరాయికి ఉన్న ఇల్లు మున్నేరుకు దగ్గర. మున్నేరు పొంగిన ఏట నీళ్లు ఆ ఇంట్లో నిలువెత్తు వచ్చాయి. వీళ్లు డాబా ఎక్కి బతికారు. నీళ్లు దిగాక నేను పోతే, ఇల్లంతా మోకాలి దాకా ఒండ్రు. డబ్బా మూత తీస్తే క్యాసెట్లు కనిపించలేదు, బురద ముద్ద కనిపించింది. నీళ్లతో కడిగి, టేపు విప్పి దండెం మీద ఆరేశాం. ఎండకు ముడుచుకుపోయి, చేత్తో పట్టుకుంటే గోధుమరంగు పొడి రాలింది. చెల్లెలు ఆ పొడి చూసుకుంటూ, "పోనీలే అన్నా, నాయనను ముందుగాల్నే తీసి పెట్టినం. మంచిదైంది" అంది. అవునన్నాను. నిజంగానే మంచిదైందనుకున్నాను. ఆ తర్వాత వాళ్లు దగ్గర్లోనే ఒక మేడ మీద ఇంటికి మారారు.

ఇది జరిగిన చాలాకాలానికి, పెళ్లిళ్లు లేని ఒక మూఢంలో, నా మొదటి ముక్క కింద ఎవరో ఒక ప్రశ్న రాశారు. ఏదో చలిదేశపు మనిషి. రోజూ ఇది పెట్టుకునే పనికి కూర్చుంటానని రాసి, వెనకాల పాడుతున్న ఆవిడ ఎవరు అని అడిగాడు.

నాకు ఒళ్లు మండింది. ఎవరూ పాడటం లేదు, అది టేపు చప్పుడు, సాగదీస్తే అలాగే వినిపిస్తుంది అని జవాబు రాశాను. నా పని నాకు తెలియదా, నువ్వు చెప్పాలా అన్నంత కోపం. కానీ ఆ మాట గోళ్లలో ముల్లులా ఉండిపోయింది. మధ్యాహ్నం అన్నం తిని షెడ్డులోకి వచ్చి, హెడ్‌ఫోన్ పెట్టుకుని, ఆ ముక్కను మళ్లీ విన్నాను. నాయన "హలో" మబ్బులా సాగి సాగి వెళ్లిపోయాక, ఆ ఖాళీలో ఒక సన్నటి జీర లేస్తోంది. ఇన్నేళ్లూ దాన్ని ప్రతిధ్వని అనుకున్నాను. టేపులోంచి అప్పుడు తీసిన అసలు ముక్క పాత లాప్‌టాప్‌తోనే పోయింది. సాగదీసినదాన్ని మళ్లీ కుదించుకుంటూ, వేగం పెంచుకుంటూ పోయాను. ఎంత కుదించినా నేను పోసిన ప్రతిధ్వని పోదు. చారులో కలిపిన ఉప్పును ఏరినట్టే ఆ పని. అయినా ఒక చోట అది మాటగా మారింది.

"వాగు పండు..."

అంతే. ఆ వెంటనే ఏడుస్తున్న చంటిపిల్ల ఒకతె ఊరుకుంది. మళ్లీ నాయన.

ఆ ఇంట్లో చంటిపిల్ల అంటే మా చెల్లెలే. చెల్లెలు చంటిపిల్లగా ఉన్నప్పుడు ఆ ఇంట్లో ఉన్న ఆడమనిషి ఒక్కతే. వసారాలో చీర ఉయ్యాల కట్టి ఉండేది. నాయన వాకిట్లో మైకు పరీక్షిస్తుంటే, ఆమె అక్కడే కూర్చుని పిల్లను ఊపుతూ ఉండి ఉంటుంది. మైకు నోటి ముందు పెడితే పరిగెత్తే మనిషికి, అది దూరం నుంచి కూడా వింటుందని తెలియదు. నాయన చెవి గుర్రు కోసం, ఈల కోసం వెతికింది గానీ ఆమె కోసం వెతకలేదు. ఆమె అప్పుడు ఎదురుగానే ఉంది కదా, ఎందుకు వెతుకుతాడు.

పెన్‌డ్రైవ్ తీశాను. ఆ ఏటి పరీక్షలన్నీ ఒకదాని తర్వాత ఒకటి వేశాను. హలో. నిశ్శబ్దం. మైక్ టెస్టింగ్. నిశ్శబ్దం. సాయంత్రందాకా విన్నాను. ఎక్కడా ఏమీ లేదు. ఎంత శుభ్రంగా తుడిచిందంటే, ఆ పనికి వంక పెట్టడానికి లేదు. లేచి నాయన పాత ఆంప్లిఫయర్‌ను ఒక్క తన్ను తన్నాను. దానికేమీ కాలేదు, నా బొటనవేలు వాచింది.

చెల్లెలికి ఎలా చెప్పాలి? ఇదీ నా బాధ. ఆమె పుట్టినప్పటి నుంచి అడిగింది ఒక్కటే. అది ఇంతకాలం ఆమె చేతికిందే ఉంది. ఆమే తుడిచేసింది. నా దగ్గర మిగిలిన ఈ ఒక్క మాట ఆమెకు వినిపిస్తే, మిగతాది ఏమైందని అడుగుతుంది. చెప్తే ఆ పిల్ల తట్టుకోదు. చెప్పకపోతే అమ్మ గొంతు దాచుకున్నవాణ్ణి అవుతాను. ఫోన్ వస్తే పనిలో ఉన్నానని పెట్టేసేవాణ్ణి. "ఏందన్నా, నాతోని మాట్లాడబుద్ది అయితలేదా?" అని ఒకరోజు అడిగింది. ఆ మాట విన్నాక ఇంట్లో ఉండలేకపోయాను.

కొత్తగూడెం దాకా ఒక బస్సు, అక్కడి నుంచి ఖమ్మం ఇంకో బస్సు. బొగ్గు లారీల వెనక ఆగుతూ పోతున్నంతసేపూ ఒక అబద్ధం తయారుచేసుకున్నాను. నా పాత ముక్కలో అమ్మ మాట ఒకటి దొరికింది, మిగతావి మున్నేట్లో పోయాయి అని చెప్పాలి. నేరం మున్నేటి మీద వేస్తే అది కాదనదు కదా. ఆమె కాసేపు ఏడుస్తుంది. ఆ ఒక్క మాటా దాచుకుంటుంది. నాకు బాగానే కుదిరిందనిపించింది.

నేను పోయేసరికి ఆమె ఇంట్లోనే కంప్యూటర్ ముందు ఉంది. ఎవరిదో పెళ్లి, తలంబ్రాల దగ్గర ఆపి పెట్టింది. నన్ను చూసి చాయ పెట్టింది. కుంటుకుంటూ నడుస్తున్నావేమిటని అడిగింది. మాటలయ్యాక హెడ్‌ఫోన్ ఆమె చేతికిచ్చాను.

"కొత్తదా? మళ్ల గంటసేపు గుయ్యిమంటదా?"

"లేదు. చిన్నదే. ఇను."

పెట్టుకుని కళ్లు మూసుకుంది. పూర్తిగా అయిందో లేదో, కళ్లు తెరిచి ఫక్కున నవ్వింది.

"ఓరి దేవుడా, గీమె నీ దాంట్ల గూడ జొర్రిందా?"

"ఎవరు?" అన్నాను.

"గీ ఆడామె అన్నా. నాయన టేపుల్ల ఉండె. నా పానం తీసిందనుకో. నాయన హలో అని ఆగుడే ఆలస్యం, ఈమె మొదలు పెడ్తది. పిల్ల ఒకతె ఏడుస్తది, ఈమె పాడ్తది. ఒక కాడ తుడిస్తె ఇంకో కాడ లేస్తది. ఎవరో పక్కింటామె అనుకున్న. బ్రష్ పట్కొని గీత గీత తుడిచిన. ఒకరోజు కోపమొచ్చి, నోరు ముయ్యవే తల్లీ, మా నాయనను ఇననియ్యవా అని తిట్టిన గూడ." చెప్తూ చెప్తూ నవ్వుతోంది.

నేను నవ్వాలి. నవ్వి, తయారుచేసుకున్న అబద్ధం చెప్పాలి. బస్సులో అన్నిసార్లు వల్లించింది ఒక్క ముక్క నోటికి రాలేదు. ఆమె నా ముఖంలోకి చూసింది. రోజంతా పెళ్లివాళ్ల ముఖాలు చూసి ఎవరు నిజంగా నవ్వుతున్నారో ఎవరు కాదో ఏరే పని ఆమెది. నవ్వు మెల్లగా ఆగిపోయింది.

"అన్నా" అంది. "మనకు పక్కిల్లు యాడుండె?"

ఒకపక్క రేకుల షెడ్డు. ఒకపక్క టేకు ప్లాంటేషన్. ఆమె కూడా ఆ వాకిట్లోనే పెరిగింది.

"ఆ పిల్ల..."

"అవ్" అన్నాను. "నువ్వే."

ఆమె ఏడవలేదు. హెడ్‌ఫోన్ మళ్లీ పెట్టుకుంది. మళ్లీ వేయమని చేత్తో సైగ చేసింది. వేశాను. మళ్లీ. మళ్లీ. చాయ చల్లబడి మీగడ కట్టింది. తెర మీద తలంబ్రాలు పోస్తూ పెళ్లికూతురు అలాగే చేతులెత్తి ఆగిపోయి ఉంది. చివరికి హెడ్‌ఫోన్ తీసి ఒళ్లో పెట్టుకుని, "నోరు ముయ్యమన్ననన్నా. అమ్మను" అంది. అప్పుడు ఏడ్చింది. చిన్నప్పుడు ఎలా ఏడ్చేదో అలాగే, నోరు తెరిచి, ముఖం దాచుకోకుండా. నీకు తెలియదు కదా అన్నాను. తెలిసి చేసినవా అన్నాను. ఇంకా ఏవేవో అన్నాను, ఒక్కటీ ఆమెకు అందలేదు. నాకూ ఏడుపు వచ్చింది. ఇద్దరం పక్కపక్కనే కూర్చుని ఎవరి ఏడుపు వాళ్లు ఏడ్చాం.

చాలాసేపటికి ఆమె ముక్కు తుడుచుకుని, గోడకు తల ఆనించింది. పెదవులు కదులుతున్నాయి. ఏమిటన్నాను.

"నాకస్తది" అంది.

"ఏది?"

"ఆ పాట. ఒక్కొక్క ముక్క ఎన్నిసార్లు ఇన్ననో. ఇనంది తుడవరాదు గదా."

సంచిలో రికార్డరు ఉంది. దాని మీదికి చెయ్యి పోలేదు. ఆమె కళ్లు మూసుకుని, కుడిచేత్తో ఒళ్లోని హెడ్‌ఫోన్‌ను మెల్లగా తడుతూ అందుకుంది.

"అడివి పండుకున్నదీ..."

ఆగింది. గొంతు మార్చి, నాయనలాగా, "హలో" అంది.

నేను ఉలిక్కిపడ్డాను. ఆమె వెక్కిరించడం లేదు. ఆ పాట ఆమెకు అలాగే వచ్చు. మధ్యలో నాయన లేకుండా ఆమె దాన్ని ఎప్పుడూ వినలేదు.

"వాగు పండుకున్నదీ...

హలో. మైక్ టెస్టింగ్.

మైకోళ్ల బిడ్డకే...

ఒకటి.

నిద్దర రాదాయెనే...

రెండు."

అమ్మ గొంతు అప్పుడు నాకు గుర్తొచ్చిందని రాయాలని ఉంది. గుర్తు రాలేదు. సన్నగా ఉందో బొంగురుగా ఉందో అది చెల్లెలి గొంతే. కానీ ఆ రాగం నాకు తెలుసు. చెవికి కాదు, వీపుకు తెలుసు. ఉయ్యాల ఊపుతున్న అమ్మ వీపుకు నా వీపు ఆనించి, ఆ వసారాలో నేనూ కూర్చునే ఉన్నాను.

"కండ్లు మూస్తె చాలు బిడ్డా, కండ్లు మూస్తె...

మూడు."

నాలుకతో టక్‌మని చప్పుడు చేసి ఆగిపోయింది. నేను ఎదురుచూశాను. ఆమె కళ్లు తెరవలేదు.

"కండ్లు మూస్తె?" అన్నాను. "తర్వాత ఏందమ్మా?"

"తర్వాత తెల్వదన్నా" అంది. "గాడికే నాయన ఆపేసిండు."